మా కాలేజీ మైసమ్మ

ఆ రోజుల్లో అంటే మరీ పాతకాలం అనుకోకండి. అప్పటికే మా చేతుల్లో స్మార్ట్‌ఫోన్లున్నాయి, వాటిలో ప్రపంచమంతా ఉంది, లేనిదల్లా క్లాసుల వేళకు కాలేజీ ముందు ఆగే బస్సే. నేను చదివిన డిగ్రీ కాలేజీ మొదట్లో జహీరాబాద్ నడిబొడ్డున ఒక పాత బడిలో, పక్క సందులోని బజ్జీల వాసన పీలుస్తూ హాయిగా నడిచేది. నేను రెండో ఏడాదిలో ఉండగా దాన్ని తీసుకెళ్లి చిరాగ్‌పల్లి వైపు హైవే పక్కన, చెరుకు తోటల మధ్య కట్టిన కొత్త భవనంలో పడేశారు. ప్రారంభోత్సవం రోజున ఒక పెద్ద అధికారి రంగురంగుల మ్యాపు గోడకు తగిలించి, రేపు పట్టణమంతా ఇటే పెరుగుతుందని కర్రతో చూపించాడు. అందులో పార్కు ఉంది, హాస్టల్ ఉంది, సైకిళ్లకు విడిగా దారి కూడా ఉంది. మేం చప్పట్లు కొట్టాం (నేను కాస్త గట్టిగానే కొట్టాను, చివర్లో సమోసాలున్నాయన్నారు). పట్టణం మాత్రం ఆయన మాట వినకుండా కోహీర్ దారి పట్టి పెరిగింది.

పల్లెవెలుగు బస్సు వచ్చేసరికి మొదటి రెండు క్లాసులూ అయిపోయేవి. ఎక్స్‌ప్రెస్ ఎక్కితే అది మా కాలేజీని చూడనట్టే దాటిపోయి చిరాగ్‌పల్లిలో దింపేది. అక్కణ్ణుంచి లారీల గాలికి చున్నీలు పట్టుకుని హైవే అంచున వెనక్కి నడిచేవాళ్లం. ప్రిన్సిపాల్ సార్ మమ్మల్ని వెంటబెట్టుకుని బస్సుల ఆఫీసుకు వెళ్లారు. అక్కడి సారు తల కూడా ఎత్తలేదు.

"ఆడ ఎక్స్‌ప్రెస్‌ల ప్యాసింజర్లు ఎవ్వరు దిగుతలేరు. దిగితేనే స్టేజి ఇస్తం."

"బస్సు ఆగితే గద సార్ దిగేది?" అన్నాను.

"స్టేజి లేంది బస్సెట్ల ఆపుతరమ్మా?"

ఇప్పటికీ ఆ మాట తలుచుకుంటే ఒళ్లు మండుతుంది. అంత పెద్ద భవనానికి చోటు వెతికినవాళ్లలో ఒక్కరికైనా ఆడపిల్ల అక్కడికి ఎలా చేరుతుందన్న అనుమానం రాలేదా? మా నాయినకు వచ్చింది. మా ఊరు కోహీర్‌లో ఎవరో నేను లారీల పక్కన నడవడం చూశామని ఆయనకు చెప్పారు. ఆ సాయంత్రమే తేల్చేశాడు: "డిగ్రీ లేకున్నా బతుకొచ్చు బిడ్డా, పానం పోతే ఏంజేస్తం? ఈ నెల సూస్త. గట్లనే ఉంటె కాలేజ్ బంద్."

నాకు ఏడుపొక్కటే తక్కువ. ఆ మర్నాడు చిరాగ్‌పల్లి నుంచి నడుస్తుంటే, మా క్లాసులో మిర్చి అని పిలుచుకునే మొగుడంపల్లి పిల్ల టక్కున ఆగిపోయింది. రోడ్డు పక్కన మైసమ్మ రాయి ముందు ఒక లారీ నిలబడి ఉంది, డ్రైవర్ చెప్పులు విడిచి కొబ్బరికాయ కొడుతున్నాడు. "సూసినవానే? మనకు ఆగనోడు అమ్మకు ఆగిండు," అంది.

ఆ మధ్యాహ్నమే కాలేజీ గేటు పక్కన ఒక రాయికి పసుపు పూసి, కుంకుమ బొట్లు పెట్టి, వేపమండలు చుట్టాం. మరుసటి ఉదయం ఎక్స్‌ప్రెస్‌లో డ్రైవర్ వెనక సీటు పట్టాం. "కాలేజ్ కాడ మైసమ్మ వెలిసిందటనే. మొక్కకుంట పోయిన డీసీఎం బండికి టైర్లన్ని పంచరైనయంట," అని మిర్చి బస్సంతా వినేలా చెప్పింది. "నిజమానే?" అనడం నా వంతు. భయంతో నా గొంతు వణికింది, డ్రైవర్ అది భక్తి అనుకున్నాడు. గేటు రాగానే బస్సు ఆగింది! ఆయన దిగి దండం పెట్టుకుంటుంటే వెనకే మేమంతా బిలబిలా దిగాం. "మొక్కుకోన్రి బిడ్డా, పరీక్షలు మంచిగైతయి," అన్నాడు పాపం. నిజంగానే మొక్కాను, మా నాయిన మనసు మారాలని.

తర్వాత బస్సులన్నీ ఆగసాగాయి. అదే బస్సులో వచ్చే ప్రిన్సిపాల్ సార్ ఒకరోజు మమ్మల్ని పక్కకు పిలిచారు. ఇక అయిపోయిందనుకున్నాం. ఆయన అటూ ఇటూ చూసి, "పసుపు అయిపోతే చెప్పున్రి," అని వెళ్లిపోయారు. కొన్నాళ్లకు, ప్రయాణికులు దిగుతున్నారు కాబట్టి, స్టేజి బోర్డు కూడా వచ్చింది. నాయిన బంద్ మాట వెనక్కి తీసుకున్నాడు, నా డిగ్రీ పూర్తయింది. చదువుకునే పిల్లల కోసం ఆగని బస్సు రాయి కోసం ఆగిందన్న కోపం మాత్రం పట్టా చేతికొచ్చినా తగ్గలేదు.

ఇప్పుడు నేను ఆ కాలేజీలోనే పాఠాలు చెబుతున్నాను. అమ్మకు పైన రేకుల కప్పు వచ్చింది. కండక్టర్లు "కాలేజ్ మైసమ్మ, దిగున్రి!" అని అరుస్తారు. మొన్న ఇంకో అధికారి ఇంకో మ్యాపు తెచ్చి గోడకు తగిలించాడు. ఈసారి పట్టణం వేరే దిక్కుకు పెరుగుతుందట, కాలేజీని అక్కడికి మారుస్తారట. మళ్లీ పార్కు, మళ్లీ హాస్టల్. వెనక వరసలోంచి ఒక పిల్ల లేచి, "సార్, ఆడ బస్సు ఆగుతదా?" అని అడిగింది. అది తర్వాతి దశలో చూస్తామన్నాడాయన. ఈసారి నేను చప్పట్లు కొట్టలేదు, సమోసా కూడా ముట్టలేదు. పెద్దదాన్నయ్యాను, పద్ధతిగా ఉండాలి కదా అని, ఆ సాయంత్రమే కూర్చుని, అక్కడ బస్సు స్టేజి ముందే ఇవ్వాలని అర్జీ రాసి పంపాను. ఇంటికెళ్తూ కిరాణా కొట్టు దగ్గర ఆగి, నాలో నేనే నవ్వుకుంటూ, ఒక పసుపు ప్యాకెట్ కూడా కొన్నాను.