ఇరవై ఏడో డబ్బా

నేను అమెరికా సైన్యంలో ఉన్న రోజులు. ఉదయం ఏడు పదికి నెవాడా ఎడారిలో ట్రక్కు దిగాం. పాత ఆయుధాల బంకరు. లోపల ఇప్పుడు ఆయుధాలు లేవు. వందేళ్ల నాటి మూకీ సినిమా రీళ్లు, ముప్పై ఒక్క డబ్బాలు. ఆఫ్రికాలో సింహాల ఎదుట నిలబడి తీసినవి. ముందు రోజే ఏసీ పాడైంది. ఆ కాలపు ఫిల్ము వేడెక్కితే తనంతట తానే అంటుకుంటుంది. అంటుకున్నాక నీళ్లు పోసినా ఆరదు. అందుకే అన్నిటినీ చల్లటి ట్రక్కులోకి మార్చాలి, చెడినదాన్ని అంటుకోకముందే నీళ్లలో ముంచాలి.

చర్చిలో మీరంతా నన్ను యుద్ధం గురించి అడుగుతారు. నేను యుద్ధం చూడలేదు. భయం మాత్రం చూశాను, అక్కడ.

సార్జెంటు రేడియోలో ఆర్డరిచ్చాడు. "ఒక్కో డబ్బా. నడవాలి, పరుగెత్తొద్దు. ఇన్‌స్పెక్టర్‌ని ఒంటరిగా వదలొద్దు."

ఫిల్ము ఇన్‌స్పెక్టర్ మన తెలుగమ్మాయే, డబ్లిన్‌లో పుట్టి పెరిగింది.

"అన్నా, స్కేర్డ్ ఆ?"

"కొంచెం," అన్నాను. అబద్ధం. చేతి తొడుగులు చెమటకు తడిసిపోయాయి.

పది నలభైకి ఎండ నూట తొమ్మిది డిగ్రీల ఫారన్‌హీట్. ఇరవై ఆరు డబ్బాలు బయటికి చేరాయి. ఇరవై ఏడోదాని మూత ఉబ్బి ఉంది. ఘాటు వాసన. లోపల బుస్సుమంది.

బతికుంటే బలుసాకు తినొచ్చని కాలికి బుద్ధి చెప్పాను. ట్రక్కు దాటి అరవై అడుగులు పోయి బోర్లా పడుకున్నాను.

"ఇన్‌స్పెక్టర్ ఎక్కడ?" సార్జెంటు.

"లోపల," అన్నాను.

ఆమె నడిచి వచ్చింది. చేతులు ముందుకు చాచి, డబ్బా ఒంటికి దూరంగా. నీళ్ల డ్రమ్ములో మెల్లగా దించింది. చెడిపోని జానెడు ముక్క లోపలే కత్తిరించి జేబులో పెట్టుకుందట. దాన్ని ఎండకు ఎత్తి చూపించింది. గడ్డిలోంచి సింహం వస్తోంది. బొమ్మ బొమ్మకీ పెద్దదవుతోంది, నల్లబడుతోంది.

"ఎందుకు నల్లగా?"

"అప్పుడు కెమెరా హ్యాండ్‌తో తిప్పాలి అన్నా. ఫాస్ట్‌గా తిప్తే లైట్ తక్కువ పడ్తది. కెమెరామన్‌కి భయమేసింది. బట్ ఆపలేదు."

నన్ను ఒక్క మాట అనలేదు. రిపోర్టులో మాత్రం "ఇద్దరం కలిసి తెచ్చాం" అని రాసింది. దానికి నాకు ప్రశంసా పత్రం వచ్చింది. నోరు మూసుకుని తీసుకున్నాను.

సర్వీసు ముగిసి ఈ ఊరికి, అరోరాకి, వచ్చేశాను. ఆ పత్రం మా హాల్లో ఉంది. మీ పిల్లలు "అంకుల్, బ్రేవ్" అంటూ దాని పక్కన ఫోటో దిగుతారు. నాకు దాని అద్దంలో కనబడేది సింహం. నల్లబడుతూ దగ్గరికొస్తుంది. ఎదురుగా ఎవరో భయపడుతూనే కెమెరా హ్యాండిల్ తిప్పుతూ నిలబడే ఉన్నాడు. అది నేను కాదు.