వెనక్కి తిరిగిన వీడియో

హనుమాన్ జంక్షన్‌లో నేను పనిచేసే స్టూడియోకి రెడ్డిగూడెం నుంచి ఒక ఆసామి వచ్చారు. మా అమ్మ కూలికి వెళ్ళే మామిడితోట ఆయనదే. వాళ్ళ అల్లుడు చుట్టూ అన్నివైపులా తీసే కెమెరా తెచ్చి, కోత రోజున వీఆర్ వీడియో తీశాడట. అది చూడాలంటే కళ్ళకి ఒక డబ్బా కట్టుకోవాలి. ఆసామిగారి తల్లి కట్టుకుని, కొమ్మ తగులుతుందేమోనని పక్కకి తప్పుకుని, గోడకి గుద్దుకుందట.

"మామూలు టీవీలో వచ్చేట్టు చేసిపెట్టమ్మా. నేను ముందుండాలి. వెనకాలదంతా కోసెయ్," అన్నారు.

అసలు ఆ వీడియోకి ముందూ వెనకా ఉండవు. మామూలు వీడియోగా మార్చేటప్పుడు ఎప్పుడు ఎటు చూడాలో నేనే మౌస్‌తో తిప్పి చెప్పాలి. టెన్త్ తప్పినదానికి ఇంత అధికారం ఇంకెవరిస్తారు?

ఇంటికెళ్తే అమ్మ పట్టుకుంది. "అందులో నేనున్నానా లేదా? టీవీలో వస్తానని మా కూలీల ముఠా అందరికీ చెప్పేశానే. రాకపోయానో, సీజనంతా నన్ను ఉతికి ఆరేస్తారు."

ఉంది. ఆసామిగారికి సరిగ్గా ఎదురువైపు, అంటే కెమెరా వెనక, గెడకి వల కట్టిన చిక్కం పట్టుకుని. ఇటు ఆయన ఇస్త్రీ చొక్కాలో నిలబడి, "మా కాయ మేమే స్వయంగా కోస్తాం," అంటూ ఒక కాయని తొడిమ లేకుండా పుటుక్కున లాగారు. అటునుంచి అమ్మ కేక: "అయ్యగారండీ, ముచ్చికతో కోయాలండీ! సొన కారిపోద్ది!"

కారింది. చొక్కా మీదే.

అటు తిప్పితే ఆయనకి కోపం. తిప్పకపోతే అమ్మకి తలవంపు. మౌస్‌తో రెండు రకాలుగానూ తిప్పి చూశాను.

ఆదివారం ఆసామిగారి వరండాలో టీవీ పెట్టారు. ముఠా అంతా మెట్ల మీద కూర్చుంది. ఆసామిగారు కాయ లాగారు, అమ్మ కేకేసింది, బొమ్మ గిర్రున అమ్మవైపు తిరిగింది.

"ఇదేంటమ్మాయ్, అటు తిప్పావు?"

"పిలిచారు కదండీ. తిరిగి చూడకపోతే బాగోదని."

ముఠా గొల్లుమంది. ఆసామిగారు ఏదో అనబోయేలోపే వాళ్ళమ్మగారు అందుకున్నారు. "మళ్ళీ వెయ్యవే అమ్మాయ్. ముచ్చిక సంగతి వీడికి చిన్నప్పట్నుంచీ చెబుతున్నా, వింటేగా!"

మూడుసార్లు వేశాం. ఇంటికి నడుస్తుంటే, అమ్మ ఇప్పుడు మెచ్చుకుంటుంది, ఇంకాసేపట్లో మెచ్చుకుంటుంది అని చూస్తున్నాను. తోట దాటాక నోరు విప్పింది.

"చీర మీద మీ నాన్న పాత చొక్కా తొడుక్కున్నానే. రెండు గుండీల్లేవు. కోసెయ్యాల్సింది అదీ!"