నిచ్చెన ఎక్కని మధ్యవర్తి

కట్టడాల తగాదాల్లో మధ్యవర్తిగా కూర్చునే రిటైర్డ్ ఇంజనీరుగారి తీర్పును, ఓడిన కాంట్రాక్టరు కోర్టులో సవాలు చేశాడు. తీర్పు ఏకపక్షమట! నలభై ఏళ్ల నిజాయితీ బోనెక్కినట్టయి, ఆయన భార్యతో పాటు వెనక బెంచీలో ముడుచుకుని కూర్చున్నారు.

జడ్జిగారు రికార్డు తిరగేశారు. "బీటలు వారిన ట్యాంకు చూడటానికి వెళ్లి, కాంట్రాక్టరు తరఫు మనిషి వచ్చేదాకా ఈయన నిచ్చెన ఎక్కలేదు. రెండు గంటలు ఎండలో నిలబడ్డారు. ఇది ఏకపక్షమా? పిటిషన్ కొట్టేస్తున్నాను."

ఇంజనీరుగారు కళ్లజోడు తుడుచుకున్నారు.

"ఆ రోజు మెడ కమిలిపోయి వస్తే, ఎక్కడ తిరిగొచ్చారని నానా మాటలూ అన్నాను. ఒక్క ముక్క చెప్పొచ్చుగా?" అంది భార్య గుసగుసగా.

"విచారణ గుట్టు ఎవరికీ చెప్పకూడదే."

"మీ గుట్టు మండ!" అంటూ ఆవిడ, సాక్షాత్తూ న్యాయస్థానం సమక్షంలో, ఆయన చెయ్యి గట్టిగా పట్టుకుంది.