గుల్లల రాళ్ళు

తామ్వే పేటలో మా గుమ్మం ముందు కిళ్ళీ బల్ల పెట్టుకుని తల్లిలేని మనవరాలిని చదివించాను. నా చదువు మూడో తరగతితో సరి. ఏ వస్తువునూ పారేయను. సున్నం కూడా కొనను. గంజాం నుంచి ఓడెక్కి ఈ దేశం వచ్చిన మా అమ్మ నేర్పినట్టు, సముద్రపు గుల్లల్ని పాత ఇనుప బకెట్టులో బొగ్గుల మధ్య పేర్చి కాలుస్తాను.

ఈ ఎండాకాలం మనవరాలు దక్షిణాన ఒక దీవికి వెళ్ళి సంచినిండా రాళ్ళు తెచ్చింది. తెల్లటి సున్నపురాయి, ఒంటినిండా గుల్లలే. "జాగ్రత్త అమ్మమ్మా" అని మంచం కింద పెట్టింది. నాకు తెలిసిన జాగ్రత్త, వాన తగలకుండా చూడటం. అది చూశాను. ఇంతలో సున్నం అయిపోయింది. ఏటి అవతల దలా నుంచి గుల్లలు తెచ్చే మనిషి రాలేదు. రాళ్ళకు ఏవో రాసి అంటించిన కాగితాలు ఊడదీసి నిప్పు రాజేశాను. సుత్తితో చితక్కొట్టి, మధ్యాహ్నమంతా విసిరి విసిరి కాల్చాను. కుండలో వేసి నీళ్ళు పోస్తే సుయ్యిమని పొంగి వెన్నలాంటి సున్నమయింది. సంబరపడ్డాను కూడా.

సాయంత్రం మనవరాలు మంచం కిందికి వంగింది.

"రాళ్ళేవి?"

"కుండలో ఉన్నాయి. గుల్లల్ని కాల్చక ఏటి సేస్తారే?"

మూత తీసి చూసింది. "అవి కోట్ల ఏళ్ళ కిందట సచ్చి రాయైపోయిన జీవాలు అమ్మమ్మా. సోమవారం కాలేజీలో పాఠం సెప్పే సయామకి చూపించాల. లేపోతే నా డిగ్రీ పోతాది."

"మళ్ళీ ఎల్లి తెచ్చుకో."

"ఏటి తెచ్చుకోను? సిమెంటుకని ఆ దీవిలో కొండ తవ్వేస్తన్నారు. నేను రాళ్ళు తీసిన చోట ఇప్పుడు గొయ్యుంది."

కుండలో చెయ్యి పెట్టాను. మోచేతి దాకా మండింది. ఒక్క గుల్లయినా వేలికి తగలకపోతుందా అని వెతికాను. అడుగుదాకా మెత్తగానే ఉంది.

అప్పుడు గుర్తొచ్చింది. బల్ల ఊగుతోందని ఒక రాయి దాని కాలి కింద పెట్టాను! పరుగున వెళ్ళి లాగితే ఆకులు, వక్కలు వీధిలో పడ్డాయి. రాయి కడిగి మనవరాలి చేతిలో పెట్టాను.

అటూ ఇటూ తిప్పింది. "దీని కాగితమేదీ?"

"నిప్పులో ఏసేశాను."

"కొండలో ఏ పొరదో తెలీకపోతే ఇది వట్టి రాయే."

పుట్టినప్పటినుంచీ దాన్ని కసరడమే గాని బతిమాలి ఎరగను. "నేనొచ్చి సయామ కాళ్ళట్టుకుంటానే, దీన్ని తీసుకెల్దాం" అన్నాను.

అది బయటికి వెళ్ళి వక్కలు ఏరింది. రాయిని మళ్ళీ బల్ల కాలి కిందికి తోసి, ఊగుతోందేమోనని చేత్తో నొక్కి చూసింది.