లేనివలస సాగనంపు పాట

నా భార్య పోయి పదిహేను రోజులైంది. శ్రీకాకుళం ఆసుపత్రిలో ఆ రోజు పొద్దున్న రెండు చెంచాల ఇడ్లీ తింది. జడ వెయ్యమంది. నాకు వచ్చినట్టు వేశాను. పదకొండు గంటలకు నా వైపు తిరిగి, "ఇంక అడగండి" అంది.

ఏం అడగమంటోందో నాకు తెలుసు.

"ఊరుకో. రెండ్రోజుల్లో ఇంటికెళ్ళిపోతాం. పాటేటి ఇప్పుడు?" అన్నాను.

"సరే లెండి" అంది. జడ తడుముకుని, "జడేటిది, తాడు పేనినట్టు వేసినారు" అంది. అదే ఆఖరి మాట. మూడున్నరకు పోయింది. చెయ్యి నా చేతిలోనే ఉంది. అడగడానికి నాకు నాలుగున్నర గంటల వ్యవధి దొరికింది. నేను అడగలేదు.

ఏం అడగలేదో చెప్పాలంటే లేనివలస గురించి చెప్పాలి.

ఆమె రాజాం దగ్గర ఓ ఊళ్ళో ప్రాథమిక పాఠశాల టీచరు. చాలా ఏళ్ళ కిందట ఒకటో తరగతిలో ఒక పాప, తండ్రి చెన్నై పనికి వెళ్ళిపోయాక, నోరు విప్పడం మానేసింది. ఈమె పాఠం పక్కనపెట్టి తరగతి గది నేల మీద సుద్దతో ఒక ఊరు గీసింది. పేరేం పెడదామంటే, లేని ఊరు కాబట్టి, మా వైపు ఊళ్ళ పేర్లలాగే లేనివలస అన్నారు పిల్లలు. ఆ ఊరి కట్టుబాట్లన్నీ వాళ్ళవే. అక్కడ వాన బడి వదిలాకే పడాలి. బడి భోజనంలో గుడ్డు రోజూ పెట్టాలి. పాట లేకుండా ఎవరూ ఊరు దాటకూడదు. ఆ కట్టుబాటు పెట్టింది అప్పటిదాకా నోరు విప్పని పాపే.

నాట్లప్పుడు ఆడవాళ్ళు పాడే బాణీలో నా భార్య పాట కట్టింది. ఉండిపోయేవాళ్ళు అడుగుతారు: "ఊరు దాటే సుట్టమా, ఏటి ఒగ్గేసి ఎల్తన్నావు?" వెళ్ళేవాళ్ళు తాము విడిచివెళ్ళేది ఒక్కటి చెప్పాలి. అప్పుడు అందరూ, "ఒగ్గేసింది మాకాడుంటాది, ఒట్టి సేతులతో ఎల్లిరా" అని ముగిస్తారు. జవాబు రాకపోతే పాట ముగియదు. అడిగారంటే పంపడానికి ఒప్పుకున్నట్టే.

ఏటా అయిదో తరగతి పిల్లలు హైస్కూలుకి వెళ్ళే ముందు గుమ్మంలో నిలబెట్టి ఆమే అడిగేది. ఒకడు అరిగిన పెన్సిలు అనేవాడు, ఒకతె కిటికీ పక్క చోటు అనేది. పక్కవాడు మాట అందిస్తే ఒప్పుకునేది కాదు. "మాట పోయేవాళ్ళదే అవ్వాల. మనం అందిస్తే అది మనదైపోద్ది" అనేది.

నేను గరివిడిలో ఫ్యాక్టరీ ల్యాబులో పనిచేసినవాణ్ణి. ఇదంతా విని నవ్వేవాణ్ణి. బడి ఉన్న ఊళ్ళో ఒక ముసలమ్మ కూడా, "ఏటమ్మా టీచరమ్మా, ఉన్న ఊరికే దిక్కు నేదు, నేని ఊరికి పాటేటి?" అని ఎగతాళి చేసేది. మరుసటేడు ఆ ముసలమ్మ కొడుకు చెన్నై బయల్దేరాడు. నా భార్యా నేనూ ఆ బస్సులోనే ఉన్నాం. ముసలమ్మ మెట్టుకి అడ్డంగా నిలబడింది.

"ఆగరా! పాట అవ్వకుండా బస్సెక్కితే కాళ్ళిరగ్గొడతాను. సెప్పు, ఏటి ఒగ్గేసి ఎల్తన్నావు?"

"నీ సేతి సల్దన్నం ఒగ్గేసి ఎల్తన్నానే."

"సల్దన్నం దాస్తే పులిసిపోద్ది. ఇంకోటి సెప్పు."

"బేగి సెప్పరా బాబూ" అని కండక్టరు.

"అయితే నీతోటి తగువు ఒగ్గేసినాను."

"అది దాస్తాను. ఎల్లిరా."

బస్సంతా నవ్వింది. నా భార్య మాత్రం కిటికీ వైపు తిరిగి కళ్ళు తుడుచుకుంది. ఆ తరువాత ఆ ఊళ్ళో అప్పగింతలకూ ఆ పాటే, వలస బస్సులకూ ఆ పాటే. అది టీచరమ్మ కట్టిందని కొత్త కోడళ్ళకు తెలియదు. తాతల నాటిదనుకుంటారు. ఆ సంగతి చెబితే ఆమె మురిసిపోయేది.

ఆమె పోయాక అడగడం మొదలుపెట్టాను. నాగావళిలో అస్థికలు కలిపేటప్పుడు అడిగాను. వంటింట్లో అడిగాను. ఆమె సంచి దులిపి చూశాను. ఎర్ర పెన్ను, దువ్వెన, సుద్దముక్కలు. అవి మిగిలినవి. ఆమె చెప్పినవి కావు. ఏం చెప్పేదో ఊహిద్దామనుకుంటే నా ఊహలే వస్తున్నాయి. ముప్పై నాలుగేళ్ళు కలిసి బతికిన మనిషి చెప్పాల్సిన ఆ ఒక్క మాట నాకు తెలియదు. తెలిసే దారీ లేదు.

పన్నెండో రోజున ఆమె బడి హెడ్మాస్టరు పిల్లల్ని మా ఇంటికి తీసుకొచ్చారు. అయిదో తరగతి అమ్మాయి ఒకతె నేరుగా నా దగ్గరికొచ్చింది.

"సారూ, టీచరమ్మని మీరే అడిగినారా?"

"అడిగానమ్మా."

"ఏటి సెప్పినాది?"

ఎదురుగా చిలక్కొయ్యకి ఆమె గొడుగు వేలాడుతోంది. "గొడుగు" అన్నాను.

"నానూ అదే అనుకున్నాను. ఎండలో మాకే పట్టీది" అంది ఆ పిల్ల. వెంటనే అందరూ లేచి నిలబడి, ఒగ్గేసింది మాకాడుంటాది అని పాడారు. ఆమె కట్టిన ఊళ్ళో మొదటి అబద్ధం నాది.

ఈ సాయంత్రం హెడ్మాస్టరు ఫోను చేశారు. పిల్లలు తరగతి గోడకు మేకు కొట్టారట. దాని కింద టీచరమ్మ పేరు రాశారట. రేపు ప్రార్థనకు గొడుగు తెమ్మన్నారు. సరేనన్నాను. ఇచ్చేస్తే ఎవరికీ తెలియదు. ఆ పిల్ల సంతోషిస్తుంది. కానీ ఏటా కొత్త పిల్లలకు ఆ గొడుగు చూపించి, ఇది టీచరమ్మ చెప్పిన మాట అంటారు. అది నా మాట.

రేపు ఉదయం ఏడున్నర బస్సుకి ఒట్టి చేతులతో వెళ్తాను. ప్రార్థన అయ్యాక ఆ అమ్మాయి ముందు, అందరి ముందు, నేను అడగలేదని చెప్తాను. పంపడం ఇష్టం లేక అడగలేదని చెప్తాను. ఆ మేకుకి ఏమీ తగిలించకుండా, అలాగే ఉంచమని అడుగుతాను.