అదాలత్‌కు అరువు రుమాలు

ఆ రోజుల్లో మా వైపు మగవాడి మర్యాదంతా నెత్తిమీదే ఉండేది. ఇంట్లో గింజ లేకపోయినా సరే, నలుగురిలోకి వెళ్ళేటప్పుడు రుమాలు మాత్రం దిట్టంగా చుట్టుకోవాలి. నిజాంసాగర్ కాలువ నీళ్ళు మా బోధన్ వైపు కొత్తగా వచ్చినప్పుడు, మా బాపు సహకార బ్యాంకులో అప్పు తీసుకుని చెరుకు నాటాడు. చెరుకు ఏపుగానే పెరిగింది, బెల్లం ధరే పడిపోయింది. వాయిదాలు దాటాయి, బ్యాంకు దావా వేసింది, మాకున్న ఒక్క పొలమూ వేలానికొచ్చింది. వడ్డీ తగ్గించి కిస్తులు పెట్టండని నిజామాబాద్ అదాలత్‌లో అర్జీ పెట్టుకోవడం ఒక్కటే మిగిలింది. ఆ అర్జీ వేసిన వకీలు దగ్గరే నేను కొత్తగా రాతపని చేసే మున్షీగా చేరాను (చెవిమీద కలం పెట్టుకుంటే సగం వకీలునైపోయాననుకునే వయసు).

కేసు పేషీకి వచ్చిన నాడు బాపును ముందు గుర్తుపట్టలేదు. పెద్దబాపు జరీ రుమాలు, మామ పెళ్ళినాటి కోటు, పసుపు పండిస్తాడని అందరూ పసుపు అన్న అనే పక్కింటాయన కిర్రుచెప్పులు వేసుకుని పెళ్ళికొడుకు తండ్రిలా దిగాడు. అప్పు కట్టలేనివాడి వాలకం ఇదేనా అని నేనడిగితే, మాసిన బట్టలతో పోతే సర్కారును అవమానించినట్టు కాదా అన్నాడు. అరువిచ్చిన ముగ్గురూ వెంటే వచ్చారు (ధైర్యం చెప్పడానికని వాళ్ళన్నారు, రుమాలు నలగకుండా చూసుకోవడానికని నా అనుమానం).

అనుకున్నంతా అయింది. బ్యాంకు వకీలు బాపును కిందినుంచి మీదిదాకా చూపించి ఉర్దూలో ఎద్దేవా చేశాడు. ఇంత దర్జాగా ఉన్నవాడు అప్పు కట్టలేడా అని తీర్పు చెప్పే మున్సిఫ్ సాబ్ అడిగితే, ఆ మాట బాపుకు తెలుగులో చెప్పే పని నా మీద పడింది. ఇవన్నీ అరువువని ఒక్క మాటంటే చాలు. బాపు అనలేదు. నేల చూస్తూ నిలబడ్డాడు. పొలం పోతుందని తెలిసీ ఆయన నోరు తెరవకపోతే, ఆయన అనని మాట ఉర్దూలో చెప్పే హక్కు నాకు లేదు.

చివరికి వెనకనుంచి పెద్దబాపు లేచాడు. "రుమాలు నాది సర్కార్. మా తమ్మునికి తువ్వాలే దిక్కు" అన్నాడు. కోటు తనదని మామ లేచాడు. చెప్పులు తనవని పసుపు అన్న లేచాడు (అడుగున తన గుర్తు కూడా ఉందట, కావాలంటే చూపిస్తానన్నాడు). ఒక్కొక్కటీ నేను ఉర్దూలో చెబుతుంటే అదాలతంతా గొల్లున నవ్వింది. మున్సిఫ్ సాబ్ కూడా నవ్వాపుకోలేక, మరి ధోతి ఎవరిదని అడిగాడు.

"గా ధోతి నాదే సర్కార్" అన్నాడు బాపు, మెల్లగా.

వడ్డీ తగ్గింది, కిస్తులు పడ్డాయి, వేలం ఆగింది. బయటికి రాగానే బాపు అన్నీ విప్పి ఎవరివి వాళ్ళకిచ్చేశాడు. ఇల్లు చేరేదాకా ఉంచుకోమని ముగ్గురూ బతిమాలినా వినకుండా, ఉత్త నెత్తితో ఉత్త కాళ్ళతో బండిదాకా నడిచాడు. ఇంతమందిలో నవ్వులపాలయ్యామే అని నాకు ఏడుపొచ్చింది.

"నవ్వనియ్యి బిడ్డా. ఆళ్ళు నవ్వకుంటే పొలం పోతుండె" అన్నాడు.

ఇప్పుడు నాకు అప్పటి బాపు వయసు దాటిపోయింది. ఈ కథ ఎక్కడ చెప్పినా ధోతి దగ్గర జనం పడిపడి నవ్వుతారు. వాళ్ళతో పాటు ఈ ముసలి మున్షీ కూడా నవ్వి అక్కడే ఆపేస్తాడు. ఆ తర్వాత బాపు బతికినన్నాళ్ళూ ఏ పెళ్ళికి పిలిచినా పోలేదన్న సంగతి మాత్రం ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు.