అమ్మ నెత్తిన మట్టిగడ్డ

మా నాయన మంచివాడని ఊరంతా అనేది. ఆ మాట వింటే నాకిప్పటికీ ఒళ్ళు మండుతుంది. మంచివాడే, కాదన్నదెవరు? ఆ మంచితనాన్ని భరించింది మాత్రం మా అమ్మ.

పెద్దారవీడు పక్క, నల్లమల కొండల కింద మా ఊరు. అప్పట్లో మాది కర్నూలు జిల్లా, పైన మద్రాసు సర్కారు. అమ్మకు పుట్టిల్లూ మెట్టినిల్లూ ఆ ఊరే. పెళ్ళినాడు మా తాత పసుపు కుంకుమ కింద ఆమెకు బావి ఉన్న చేను ఒకటి ఇచ్చాడు. దాని పక్క చేను అమ్మ పెద్దనాయన కొడుకుది, అంటే నాకు మామ. ఇంటి భూమి ఆడపిల్ల పాలైందే అని ఆయనకు కడుపులో మంట.

ఆ మంటను నాగలితో తీర్చుకునేవాడు. ఏటా దుక్కి దున్నేటప్పుడు మా గట్టును ఒక చాలు మేర గీక్కునేవాడు. అడిగితే "ఎద్దు బెదిరింది బావా" అనేవాడు. ప్రతి ఏడూ ఆ ఎద్దు మా వైపుకే బెదిరేది, అదేం ఎద్దో! నాయన "పోనీలే" అనేవాడు. సర్కారువాళ్ళు పాతిన హద్దురాయి ఒక వానాకాలం కనబడకుండా పోయింది. దానికీ "పోనీలే" అనే అన్నాడు.

పోయేది మట్టి ఒక్కటే అయితే అమ్మ కూడా ఊరుకునేదేమో. మా బావికి కపిల ఉండేది. ఎద్దులు తాడు లాగుతూ వాలుబాట మీద చివరిదాకా దిగితేనే తోలుబాన పైకొచ్చి కాలువలో నీళ్ళు పోస్తుంది. ఆ బాట చివర మామ చేనికి ఆనుకుని ఉంది. ఆయన గీకీ గీకీ బాట కురచైపోయింది. ఎండాకాలం నీళ్ళు అడుక్కు పోయేసరికి, ఎద్దులు మామ హద్దుకని వేసిన ముళ్ళకంప దగ్గర ఆగిపోయేవి, బాన బావి అంచు కిందే వేలాడేది. పక్కనే రాగిపైరు ఎండుతూ ఉండేది. ఆ రాగులే మాకు ఏడాది తిండి.

అమ్మ పోరు పడలేక నాయన చివరికి పెద్దమనుషుల దగ్గరికి పోయాడు. సర్వేయరు ఎప్పుడొస్తాడో ఎవరికీ తెలియదు గనుక వాళ్ళు పాత పద్ధతే చెప్పారు. ఫిర్యాదు చేసినవాడు తలంటు పోసుకుని, తడిబట్టలతో, చేని మట్టిగడ్డ నెత్తిన పెట్టుకుని హద్దు వెంట నడవాలి. ఎక్కడ నడిస్తే అదే గట్టు. అబద్ధం నడిస్తే ఆ మట్టి బిడ్డల్ని తింటుందని మా వైపు నమ్మకం. నాయన నడుస్తాడనగానే మేం గెలిచామనుకున్నాం.

నడిచాడు. ఎక్కడ? పాత గట్టు మీద కాదు, మామ కొత్తగా తోలిన చాలు మీద కూడా కాదు. దానికన్నా ఇంకా జానెడు మా వైపుకే జరిగి నడిచాడు! పొరపాటున పరాయి మట్టి పిడికెడు మాకు కలిసినా బిడ్డలకేమవుతుందోనని భయమట. ఫిర్యాదు చేసిందీ తనే, ఉన్నది పోగొట్టుకున్నదీ తనే. ఇలాంటి మనిషిని ఏం చేయాలి? మామ నవ్వు ఆపుకోలేక తలపాగా విప్పి మళ్ళీ చుట్టుకుంటున్నాడు.

"బావ ధర్మాత్ముడు. ఇంక మాటేముంది?" అన్నాడు.

"ఆగన్నా," అంది అమ్మ. అంతవరకూ ఆమెతో పాటు ఆడవాళ్ళమంతా కంప అవతలే నిలబడి ఉన్నాం. "ఈ చేను మా నాయన ఎవరికిచ్చినాడు?"

"నీకే ఇచ్చినాడు. అయితే ఏంది?"

"నాదైతే మట్టి నేను మోయాల. ఆయన మోస్తే ఎట్ల చెల్లుతాది?"

"ఆడది మట్టి మోసేదేందమ్మా, యాడన్నా ఉందా?"

"ఆడదానికి చేను ఇచ్చేది ఉంది గదా!"

ఇది చెల్లుతుందా లేదా అని పెద్దమనుషులు వాదించుకోసాగారు. వాళ్ళు తేల్చేలోపే అమ్మ కడవెడు నీళ్ళు ఒంటి మీద కుమ్మరించుకుంది. నాయన నెత్తి మీది గడ్డ లాక్కుని తన నెత్తిన పెట్టుకుంది. మామ దున్నిన చాళ్ళ మధ్యనుంచి నేరుగా నడిచింది. నాయన వెనకే పోతూ "కొంచెం ఇటు జరుగు, ఇంకొంచెం ఇటు" అని బతిమాలుతూనే ఉన్నాడు. దేవుడా, ఆ మనిషితో ఎలా వేగిందో! మట్టి మోస్తున్న మనిషిని ఆపడానికి ఎవరికీ ధైర్యం చాలలేదు. పెద్దమనుషులు ఆమె అడుగుల వెంబడే రాళ్ళు పాతించారు. మామ నోటికొచ్చినట్టు తిట్టాడు గానీ ఆ రాళ్ళ జోలికి పోలేదు. ఎద్దులు మళ్ళీ చివరిదాకా దిగాయి, పైరు బతికింది.

అక్కడితో అయిపోతే బాగుండేది. ఆ వానాకాలం నాకు జ్వరం తగిలింది. ఎంతకీ దిగలేదు. అమ్మ పనులన్నీ మానేసి నా మంచం పక్కనే కూర్చునేది. ఊరందరి ముందు గొంతు వణకని మనిషి, ఒక మధ్యాహ్నం నాయన చెయ్యి పట్టుకుని ఏడ్చింది.

"నిజం చెప్పు. నేను ఎక్కువ తొక్కినానా? కోపంలో పాత గట్టు నా కంటికి సరిగా ఆనలే."

"లేదు," అన్నాడు నాయన. "నువ్వు తొక్కింది మీ నాయన గట్టే. అడుగు కూడా అటు పోలేదు. ఆ గట్టు నాకు కండ్లు మూసుకున్నా తెలుసు."

అమ్మ ఏడుపు ఆపింది. ఆయన చెయ్యి వదిలేసింది.

"అంత తెలిసీ, మట్టి నాతో మోయించినావా?"